ఇద్దరు బేస్ గాయకులు, ఒక తటస్థ దేశం

స్వీడన్ ఒపేరా అనగానే సంగీతప్రియుల నోట ముందు వచ్చే పేర్లు రెండే. టెనర్ (మగవాళ్ల పై గొంతు) యుస్సి బ్యోర్లింగ్, సొప్రానో (ఆడవాళ్ల పై గొంతు) బిర్గిట్ నిల్సన్. ఇద్దరివీ పైస్థాయిలో మెరిసే గొంతులు. అదే కాలంలో అదే దేశం నుంచి వచ్చి, మంద్రస్థాయిలో పాడుతూ యూరప్, అమెరికాల్లోని పెద్ద రంగస్థలాలెక్కిన వాళ్ల పేర్లు మాత్రం రికార్డులు సేకరించేవాళ్లకు తప్ప ఎవరికీ గుర్తు లేవు. ప్రతిభ తక్కువై ఇలా జరగలేదు. ఒపేరాలో బేస్ గాయకుడికి అప్పగించే పనే అలాంటిది. దానికి తోడు, ఇక్కడ చెప్పుకునే ఇద్దరి కళ పండిన సమయం, అది పండిన చోటు కూడా అలాంటివే.

ఆ ఇద్దరు స్వెన్ నిల్సన్, జోయెల్ బెర్గ్‌లుండ్. నిల్సన్ 1898లో యేవ్లే పట్టణంలో పుట్టాడు. బెర్గ్‌లుండ్ 1903లో టోర్సోకెర్ అనే ఊళ్లో పుట్టాడు. రెండూ స్టాక్‌హోమ్‌కు ఉత్తరాన ఉన్న యెస్ట్రిక్‌లాండ్ ప్రాంతంలోనివే. ఇనుప కొలిములకు, ఉక్కు కార్ఖానాలకు పేరుపడ్డ నేల అది. ఐదేళ్ల తేడాతో ఒకే ప్రాంతంలో పుట్టిన ఈ ఇద్దరిలో ఒకరు జర్మనీ వెళ్లి అక్కడి నాటకశాలలో స్థిరపడ్డారు. ఇంకొకరు సొంత దేశపు ఒపేరాను అంటిపెట్టుకుని ఉండి బయటికి వెళ్లి వస్తూ పాడారు. ఇద్దరి దారులూ హిట్లర్ జర్మనీ గుండానే సాగాయి. ఇద్దరూ చివరికి న్యూయార్క్ చేరారు. గొంతు ఎంత గొప్పదైనా దాన్ని ఏ ఊరు, ఏ ఏడాది, ఏ పాస్‌పోర్టు మోసుకెళ్లాయన్నది కూడా గాయకుడి చరిత్రలో భాగమేనని చెప్పడానికి ఇంతకన్నా మంచి జంట దొరకదు.

ముందు అసలు బేస్ గాయకుడు చేసే పనేమిటో చూడాలి. మన కచేరీలో గాయకుడు తన గొంతుకు అనువైన శ్రుతి పెట్టుకుంటాడు. వేదిక మీద ఉన్న వాయిద్యాలన్నీ ఆ శ్రుతికి సర్దుకుంటాయి. ఒపేరాలో ఆ వెసులుబాటు లేదు. స్వరకర్త రాసిన స్థాయి రాసినట్టే ఉంటుంది. దానికి సరిపడే గొంతునే వెతుక్కోవాలి. అందుకే అక్కడ గొంతును బట్టి పాత్ర, పాత్రను బట్టి ఉద్యోగం. ప్రేమికుడు టెనర్, ప్రేయసి సొప్రానో, వాళ్లకు అడ్డుపడేవాడు బారిటోన్ (టెనర్‌కూ బేస్‌కూ మధ్య గొంతు) అన్నది పంతొమ్మిదో శతాబ్దంలో స్థిరపడ్డ ఏర్పాటు. అన్నిటికన్నా కింద ఉండే బేస్ గొంతుకు రాజులు, పూజారులు, ముసలి తండ్రులు, దయ్యాలు, అప్పుడప్పుడు హాస్యగాళ్లు మిగులుతారు. మోట్సార్ట్ రాసిన సరాస్ట్రో అనే ప్రధాన పూజారి పాత్రలో గాయకుడు సెకనుకు దాదాపు 87 కంపనాలుండే స్వరం దాకా దిగాలి. అదే స్వరకర్త సృష్టించిన ఓస్మిన్ ఇంకా కిందికి, 73 కంపనాల దగ్గరికి దిగుతాడు. మైకు ఉండదు. ముందు వాద్యబృందం, దాని వెనక వెయ్యి మందో మూడు వేల మందో శ్రోతలు.

కథ నడిపేది పై గొంతులు. తీర్పు చెప్పేది, ఆశీర్వదించేది, శపించేది కింది గొంతు. ఒపేరా అయిపోయాక ప్రేక్షకులు కూనిరాగం తీస్తూ ఇంటికి పట్టుకెళ్లేది మాత్రం టెనర్ పాటనే. బేస్ గాయకుల్లో చాలామంది దీనికి అలవాటు పడిపోతారు. దానికి బదులుగా వాళ్లకు దక్కేది ఆయుష్షు. ఈ గొంతు ఆలస్యంగా పండుతుంది, ఆలస్యంగానే వాడుతుంది. ముప్పై ఐదు దాటాక నిండుదనం వచ్చి అరవై దాటినా నిలబడ్డ బేస్ గాయకులు ఎందరో ఉన్నారు. వయసు మీద పడితే టెనర్ పాత్ర చేయడం కష్టం. తండ్రి పాత్రకు ఆ వయసే అలంకారం.

నిల్సన్ ఈ లెక్కకు సరిగ్గా సరిపోయే బేస్. బెర్గ్‌లుండ్‌ది కాస్త వేరు. అతన్ని బేస్-బారిటోన్ అంటారు. బేస్‌కు ఉండే బరువు, బారిటోన్‌కు ఉండే పైస్వరాలు రెండూ కావలసిన పాత్రలను జర్మన్ స్వరకర్త వాగ్నర్ కొన్ని రాశాడు. శాపగ్రస్తుడైన నావికుడు డచ్‌మన్, దేవతల రాజు వోటాన్, చెప్పులు కుట్టే కవి హాన్స్ జాక్స్. వీటి కొలతలు సామాన్యమైనవి కావు. జాక్స్ పాత్ర ఉన్న ‘మైస్టర్‌జింగర్’ విరామాలు కాకుండానే నాలుగున్నర గంటలు సాగుతుంది. అందులో అందరికన్నా ఎక్కువ పాడేది జాక్సే, అందులోనూ అత్యధిక భాగం చివరి అంకంలో, గొంతు అలిసిపోయే వేళకు వస్తుంది. వోటాన్‌కు ‘వాల్క్యూర్’ అనే ఒపేరా రెండో అంకంలో ఒక సుదీర్ఘ స్వగతం ఉంది. తన పాలన ఎలా పాడైపోయిందో కూతురికి చెప్పుకుంటాడు. తక్కువ స్థాయిలో, దాదాపు మాట్లాడుతున్నట్టు మొదలయ్యే ఈ భాగం ఇరవై నిమిషాల దాకా సాగుతుంది. దీన్ని గట్టిగా అరిచి నెగ్గలేరు. మాట స్పష్టంగా పలకాలి, వింటున్నవాడు కథలో ఉండిపోవాలి. బెర్గ్‌లుండ్ ఈ మూడు పాత్రల మీదే పేరు తెచ్చుకున్నాడు.

అతని శిక్షణ స్టాక్‌హోమ్‌లో జాన్ ఫోర్సెల్ దగ్గర జరిగింది. ఫోర్సెల్ కుర్రతనంలో సైన్యాధికారి, తర్వాత యూరప్ అంతటా మోట్సార్ట్ రాసిన డాన్ జొవాన్ని పాత్రకు పేరుపడ్డ బారిటోన్. 1924 నుంచి 1939 దాకా స్టాక్‌హోమ్ రాయల్ ఒపేరాకు అధిపతి. ఒకవైపు సంగీత విద్యాలయంలో పాఠం చెబుతూ, ఇంకోవైపు ఒపేరాలో ఉద్యోగాలిచ్చే స్థానంలో కూర్చున్నాడు. ఇలాంటి ఏర్పాటు మంచిదా అని ఈరోజు అడిగితే చాలామంది కాదనే అంటారు. ఫలితాలు మాత్రం చిన్నవి కావు. బ్యోర్లింగ్, బెర్గ్‌లుండ్, సెట్ స్వాన్‌హోల్మ్ ముగ్గురూ అతని శిష్యులే. వీరిలో స్వాన్‌హోల్మ్ బారిటోన్‌గా మొదలుపెట్టి 1936లో టెనర్‌గా మారి వాగ్నర్ నాయక పాత్రలకు ప్రపంచ ప్రసిద్ధుడయ్యాడు.

ఆ ఒపేరా సంస్థ గురించి రెండు మాటలు చెప్పుకోవాలి. దాన్ని 1773లో స్థాపించింది రాజు మూడో గుస్టావ్. ఒపేరాను స్వీడిష్ భాషలో పాడించాలన్నది అతని పట్టుదల. 1782లో కట్టించిన సొంత ఒపేరా భవనంలోనే 1792 మార్చి 16న ముసుగు నృత్యం మధ్య అతని మీద కాల్పులు జరిగాయి. పదమూడు రోజుల తర్వాత కన్నుమూశాడు. ఆ హత్య మీద ఇటలీ స్వరకర్త వెర్డి ఒక ఒపేరా రాస్తే, రాజహత్యను రంగస్థలం మీద చూపడానికి సెన్సార్ ఒప్పుకోలేదు. కథను బోస్టన్‌కు తరలించాల్సి వచ్చింది. అందులో గొణుగుతూ, నవ్వుతూ తిరిగే ఇద్దరు కుట్రదారులూ బేస్ గాయకులే. వాళ్ల అసలు పేర్లు అడాల్ఫ్ రిబ్బింగ్, క్లేస్ ఫ్రెడ్రిక్ హోర్న్. అంటే స్టాక్‌హోమ్‌లో ఉద్యోగం చేసే బేస్ గాయకుడు, తన సంస్థ వ్యవస్థాపకుణ్ణి చంపడానికి కుట్ర పన్నే వేషం కట్టాల్సి రావడం అక్కడ మామూలే.

ఆ పాత భవనాన్ని పడగొట్టి కట్టిన ప్రస్తుత భవనం 1898లో తెరుచుకుంది. దాదాపు 1,200 మంది కూర్చునే శాల. గాయకులకు నెలజీతం. వారంలో ఇన్ని రాత్రులు, ఇన్ని ఒపేరాలు అని లెక్క. ఈ రాత్రి దేవతల రాజు అయినవాడు ఎల్లుండి రెండు వాక్యాల సైనికాధికారి కావచ్చు. బెర్గ్‌లుండ్ 1920ల చివర ఇందులో చేరి రెండు దశాబ్దాల పాటు ఇదే పనిలో ఉన్నాడు. అప్పట్లో అక్కడ ఇటాలియన్, జర్మన్ ఒపేరాలను ఎక్కువగా స్వీడిష్ అనువాదంలోనే పాడేవారు. కాబట్టి విదేశాల నుంచి పిలుపు వచ్చినప్పుడు గాయకుడు అదే పాత్రను అసలు భాషలో మళ్లీ మొదటి నుంచీ నేర్చుకోవాలి. శ్వాస ఎక్కడ తీసుకోవాలి, ఏ అచ్చు మీద పైస్వరం పడుతుంది అన్నవన్నీ మారిపోతాయి. జాక్స్ లాంటి పాత్ర విషయంలో ఇది ఎంత భారమో వేరే చెప్పనక్కర్లేదు.

నిల్సన్ దారి వేరు. 1930లో డ్రెస్డెన్ ఒపేరాలో చేరి 1944 దాకా అక్కడే ఉన్నాడు. ఆ పద్నాలుగేళ్లను ఒక్కసారి తలచుకుంటే చాలు. అతను చేరినప్పుడు సంగీత నిర్దేశకుడు ఫ్రిట్జ్ బుష్. 1933 మార్చిలో నాజీ తుఫాను దండు ప్రదర్శన శాలలోకి వచ్చి గోల చేసి అతన్ని వేదిక నుంచి దింపేసింది. బుష్ యూదు కాడు. నాజీలకు వంగనందుకు దేశం వదలాల్సి వచ్చింది. తర్వాత వచ్చినవాడు కార్ల్ బ్యోమ్. గాయకబృందం పెద్దగా మారకుండా పని కొనసాగింది. నిల్సన్ కూడా కొనసాగాడు.

1938 అక్టోబరు 15న అక్కడ రిచర్డ్ స్ట్రౌస్ కొత్త ఒపేరా ‘డాఫ్నే’ తొలి ప్రదర్శన జరిగింది. దేవుడి ప్రేమకు లొంగకుండా చివరికి చెట్టుగా మారిపోయే అమ్మాయి కథ. ఆమెను వెంటాడే అపోలో పాత్రలో స్వీడన్ టెనర్ టోర్‌స్టెన్ రాల్ఫ్, ఆమె తండ్రి పెనెయోస్‌గా నిల్సన్. ఒక జర్మన్ మహా స్వరకర్త కొత్త రచనలో దేవుడూ తండ్రీ ఇద్దరూ స్వీడన్ వాళ్లే. చెకోస్లొవాకియాలో కొంత భాగాన్ని హిట్లర్‌కు అప్పగించిన మ్యూనిక్ ఒప్పందం కుదిరి అప్పటికి రెండు వారాలు. ఇంకో మూడున్నర వారాలకు, నవంబరు 9 రాత్రి, అదే ఊళ్లో యూదుల ప్రార్థనామందిరాన్ని తగలబెట్టారు. దాన్ని కట్టిన వాస్తుశిల్పి గాట్‌ఫ్రీడ్ జెంపర్. నిల్సన్ రోజూ పనికి వెళ్లే ఒపేరా భవనమూ జెంపర్ రూపకల్పనే.

నిల్సన్‌కు మిగిలిన పేరంతా చూస్తే ఒక వింత కనబడుతుంది. ‘డాఫ్నే’లో కూతురి తండ్రి. అదే 1938లో బ్యోమ్ నిర్వహణలో డ్రెస్డెన్ బృందం వాగ్నర్ ‘మైస్టర్‌జింగర్’ మూడో అంకం మొత్తాన్ని రికార్డు చేసినప్పుడు పోగ్నర్ పాత్ర అతనిదే. పోగ్నర్ పాటల పోటీలో గెలిచినవాడికి కూతురినిస్తానని ప్రకటించే కంసాలి. పన్నెండేళ్ల తర్వాత న్యూయార్క్‌లో పాడింది డచ్‌మన్ కథలోని డాలండ్, అంటే నగల పెట్టె చూసి కూతురిని అపరిచితుడికి కట్టబెట్టే ఓడ కెప్టెన్. ముగ్గురూ పెళ్లీడు కూతురున్న తండ్రులే, చివరి ఇద్దరూ ఆమె మనసు కన్నా ఒప్పందం ముందు పెట్టేవాళ్లే. బేస్ గాయకుడి జీవితాన్ని ఇంతకన్నా పొట్టిగా చెప్పడం కష్టం. కథ మొదలవడానికి ఆ తండ్రి కావాలి. మొదలయ్యాక అతన్ని అందరూ మరచిపోతారు.

ఇక 1942. ఆ వేసవిలో బెర్గ్‌లుండ్ బైరాయిత్‌లో డచ్‌మన్ పాత్ర చేశాడు. వాగ్నర్ తన రచనల కోసమే కట్టించుకుని 1876లో తెరిచిన నాటకశాల అది. వాగ్నర్ పాడే ఎవరికైనా అదే శిఖరం. స్వీడన్ బేస్ గాయకులకు ఆ గుమ్మం కొత్త కాదు. న్యూయార్క్‌లో 1887లో వాగ్నర్ ‘జీగ్‌ఫ్రీడ్’ అమెరికాకు తొలిసారి వచ్చినప్పుడు ఫాఫ్నర్ అనే రాక్షస సర్పంగా పాడిన యోహానెస్ ఎల్మ్‌బ్లాడ్, 1896 నుంచి బైరాయిత్‌లో కూడా రాక్షస పాత్రలు చేశాడు. బెర్గ్‌లుండ్ వెళ్లిన ఏడాది బైరాయిత్ మాత్రం వేరే బైరాయిత్. 1940 నుంచి జరిగినవి యుద్ధకాల ఉత్సవాలు. టికెట్లు మామూలుగా అమ్మేవారు కాదు. గాయపడిన సైనికులను, ఆయుధ కర్మాగారాల కార్మికులను హిట్లర్ అతిథుల పేరుతో రైళ్లలో తెచ్చి కూర్చోబెట్టేవారు. ప్రదర్శనకు ముందు ఉపన్యాసం ఉండేది. హిట్లర్ మాత్రం 1940 తర్వాత మళ్లీ అక్కడికి రాలేదు. 1942లో స్వాన్‌హోల్మ్ కూడా అక్కడ పాడాడు. అప్పటికి ఆ వేదికను నిలబెట్టడానికి తటస్థ దేశాల గొంతులు పనికొచ్చాయి.

ఆ ప్రదర్శన రికార్డు మిగిలి ఉంది. నిర్వహణ రిచర్డ్ క్రౌస్, డాలండ్‌గా లుడ్విగ్ హాఫ్‌మన్, అతని కూతురు సెంటా పాత్రలో మరియా మ్యుల్లర్, ఆమెను ప్రేమించిన ఎరిక్‌గా ఫ్రాంజ్ ఫ్యోల్కర్. బెర్గ్‌లుండ్ కళకు మిగిలిన అతి పెద్ద సాక్ష్యం ఇదే కావడం అతని దురదృష్టం అనాలో, మన అదృష్టం అనాలో తెలియదు. మొదటి అంకంలో ఏడేళ్ల గడువు తీరి ఒడ్డుకొచ్చిన డచ్‌మన్ పాడే స్వగతాన్ని వినాలి. ఆ మొదటి మాటలు వాద్యబృందం దాదాపు ఆగిపోయిన నిశ్శబ్దంలో, కింది స్థాయిలో, అలసటతో వస్తాయి. అక్కడ బేస్ కావాలి. తర్వాత చావు కోసం సముద్రంలోకి ఎన్నిసార్లు దూకాడో చెప్పే భాగంలో కెరటాల లాంటి వాద్యధ్వని మీదుగా గొంతు దూసుకుపోవాలి. చివర ప్రపంచం అంతమైపోయే రోజును పిలిచే చోట పైస్వరాల మీద నిలబడాలి. అక్కడ బారిటోన్ కావాలి. బెర్గ్‌లుండ్ ఈ రెంటి మధ్య అతుకు కనబడనివ్వడు. గొంతు నునుపుగా, ఒకే ధారగా పోతుంది. ఆ కాలపు జర్మన్ గాయకుల్లో చాలామంది పదాలను కొరికినట్టు పలికేవారు. ఇతనిలో అది లేదు. శాపం మోస్తున్నవాడి దుఃఖం వినిపిస్తుంది. భయపెట్టాలన్న ఆత్రం వినిపించదు. అతనికి అప్పుడు ముప్పై తొమ్మిదేళ్లు, ఇలాంటి గొంతుకు నిండు యవ్వనం.

దీన్ని మెచ్చుకుంటూనే ఆ శాలలో కూర్చున్న సైనికులు ఏ యుద్ధం నుంచి వచ్చారో మరచిపోవడం కుదరదు. అదే ఏడాది స్టాక్‌హోమ్‌లో బెర్గ్‌లుండ్ పనిచేసే సొంత ఒపేరాలో వాద్యబృందాన్ని నిర్వహిస్తున్నవారిలో లియో బ్లెక్ ఒకరు. బెర్లిన్ ఒపేరాలో దశాబ్దాలు పనిచేసి, యూదుడైనందున 1937లో ఉద్యోగం పోగొట్టుకుని, రీగా చేరి, అక్కడా జర్మన్ సైన్యం వచ్చాక 1941లో స్టాక్‌హోమ్ చేరిన వృద్ధుడు. ఒకే సంస్థ. ఒకరు ప్రాణం దక్కించుకుని ఇక్కడికి వచ్చారు. ఇంకొకరు వేసవిలో అక్కడికి వెళ్లి పాడి వచ్చారు. స్వీడన్ తటస్థత అంటే ఇదే. జర్మనీకి ఇనుప ఖనిజం అమ్మింది, 1943 దాకా జర్మన్ సైనికులను తన రైళ్లలో వెళ్లనిచ్చింది, అదే 1943 అక్టోబరులో డెన్మార్క్ యూదులకు తలుపులు తెరిచింది. ఆ దేశం గాయకులు కూడా రెండువైపులా కనబడటంలో విడ్డూరం లేదు. బెర్గ్‌లుండ్‌ను నాజీ అనడానికి ఆ ఒక్క వేసవి సరిపోదు. అతనికేమీ సంబంధం లేదనడం కూడా అంతే తేలికపాటి మాట. రావద్దని అతన్ని ఎవరూ ఆపలేదు. వెళ్లాలని బలవంతం చేసిన వాళ్లూ ఉండి ఉండరు, ఎందుకంటే అతని పాస్‌పోర్టు స్వీడన్‌ది.

ఆ పాస్‌పోర్టు విలువ యుద్ధం ముగిశాక మరింత తేటగా తెలిసింది. న్యూయార్క్ మెట్రోపాలిటన్ ఒపేరాకు వాగ్నర్ గాయకుల కరువు పట్టుకుంది. ఏళ్ల తరబడి వోటాన్, జాక్స్ పాత్రలను ఏలిన ఫ్రీడ్రిక్ షోర్ 1943లో విరమించుకున్నాడు. జర్మనీలో ఉండిపోయిన గాయకులు విచారణల్లో చిక్కుకున్నారు, వీసాలు దొరికే మాట లేదు. అప్పుడు స్వీడన్ నుంచి వరుస మొదలైంది. 1945 చివర టోర్‌స్టెన్ రాల్ఫ్, 1946 జనవరిలో బెర్గ్‌లుండ్, ఆ ఏడాది నవంబరులో స్వాన్‌హోల్మ్.

బెర్గ్‌లుండ్ అక్కడ తొలిసారి కనబడింది జాక్స్‌గా. ఇక్కడ కాస్త ఆగాలి. నాజీలు తమ పార్టీ మహాసభలకు నాందిగా వాడుకున్న ఒపేరా అది. బైరాయిత్‌లో 1943, 1944 ఉత్సవాల్లో ప్రదర్శించింది కూడా దాన్నే. న్యూయార్క్‌లో యుద్ధకాలంలో కొన్నేళ్లు దాన్ని పక్కన పెట్టారు. ఆ ఒపేరా చివర జాక్స్ జనాన్ని ఉద్దేశించి, రాజ్యం పోయినా జర్మన్ కళ నిలిచి ఉంటుందని పాడతాడు. జర్మనీ లొంగిపోయి ఎనిమిది నెలలైంది. శ్రోతల్లో యూరప్ నుంచి తప్పించుకొచ్చినవాళ్లు ఎందరో. వాళ్ల ముందు ఆ మాటలు పాడినవాడు, మూడున్నరేళ్ల క్రితం బైరాయిత్‌లో పాడిన స్వీడన్ వాడు. ఇదే సమయంలో నార్వే సొప్రానో కిర్‌స్టెన్ ఫ్లాగ్‌స్టాడ్ పరిస్థితిని దీనితో పోల్చి చూస్తే విషయం ఇంకా విచిత్రంగా ఉంటుంది. ఆమె యుద్ధకాలంలో జర్మనీలో పాడలేదు, ఆక్రమణలో ఉన్న నార్వేలోనూ పాడలేదు. భర్త కోసం 1941లో ఆక్రమిత దేశానికి తిరిగి వెళ్లడం, ఆ భర్తకు నాజీ అనుకూల పార్టీతో, వ్యాపారంతో సంబంధాలుండటం ఆమె మెడకు చుట్టుకున్నాయి. 1947లో అమెరికాలో ఆమె కచేరీల బయట నిరసనలు జరిగాయి. మెట్రోపాలిటన్‌లో మళ్లీ అడుగుపెట్టింది 1951లోనే. ఆమె కేసులో భావోద్వేగం ఎక్కువ, బెర్గ్‌లుండ్ కేసులో అవసరం ఎక్కువ. ఆమె అప్పటికే మహాతార, అతను అమెరికా జనానికి కొత్త. తీర్పులు నేరాన్ని బట్టి కన్నా పేరును బట్టి పడిన రోజులవి.

గొంతు సంగతికి వస్తే, ఆ మార్పు చిన్నది కాదు. స్టాక్‌హోమ్ శాలలో 1,200 సీట్లు. బైరాయిత్‌లో వాద్యబృందం వేదిక కింద కప్పిన గుంటలో ఉంటుంది కాబట్టి గాయకుడికి అడ్డుగోడ తగ్గుతుంది. అప్పట్లో బ్రాడ్‌వే మీద ఉన్న పాత మెట్రోపాలిటన్ 3,600 మంది పట్టే గుహ, అక్కడ వాద్యబృందం బహిరంగంగా గర్జించేది. మైకు లేకుండా ఒక మనిషి గొంతు దీన్ని దాటి ఎలా వినబడుతుందన్న ప్రశ్నకు సమాధానం దొరికింది కూడా స్టాక్‌హోమ్‌లోనే. అక్కడి సాంకేతిక విశ్వవిద్యాలయంలో యోహాన్ సుండ్‌బెర్గ్ 1970లలో ఈ విషయాన్ని కొలిచి చూపించాడు. పెద్ద వాద్యబృందం శక్తి సెకనుకు 500 కంపనాల చుట్టుపక్కల అత్యధికంగా ఉండి పైకి పోయేకొద్దీ పడిపోతుంది. శిక్షణ పొందిన పురుష గాయకుడు స్వరపేటికను కిందికి దించి, దాని పైనున్న చిన్న గొట్టాన్ని గొంతు వెడల్పుతో పోల్చితే బాగా ఇరుకు చేసినప్పుడు 2,500 నుంచి 3,000 కంపనాల మధ్య ఒక శిఖరం పుడుతుంది. బేస్ గాయకుల్లో అది కాస్త కింద, 2,400 దగ్గర ఉంటుంది. వాద్యాలకు బలం తగ్గిన చోట గొంతుకు బలం పెరుగుతుందన్నమాట. మనిషి చెవికి ఆ ప్రాంతంలోనే సున్నితత్వం ఎక్కువ. సుండ్‌బెర్గ్ ఇందుకు వాడుకున్న రికార్డుల్లో బ్యోర్లింగ్‌వి ఉన్నాయి. బేస్ గాయకుడి మంద్రస్వరం గదిని నింపుతున్నట్టు మనకనిపిస్తుంది కానీ, చివరి వరుస దాకా దాన్ని మోసుకెళ్లేది అతని గొంతులోని ఆ పై మెరుపే. ఈ విషయం తెలిశాక 1942 రికార్డును మళ్లీ వింటే, డచ్‌మన్ కింది స్వరాల్లో కూడా లోహపు అంచు ఒకటి ఎందుకు వినబడుతుందో అర్థమవుతుంది.

డ్రెస్డెన్ ముచ్చట తొందరగానే ముగిసింది. 1944 సెప్టెంబరులో జర్మనీలోని నాటకశాలలన్నీ యుద్ధం పేరిట మూతపడ్డాయి. 1945 ఫిబ్రవరి 13 రాత్రి బాంబుదాడిలో ఒపేరా భవనం కాలిపోయింది. అప్పటికే నిల్సన్ కొలువు ముగిసింది. 1946లో స్టాక్‌హోమ్ రాయల్ ఒపేరాలో చేరి 1970లో చనిపోయేదాకా దానితోనే ఉన్నాడు. న్యూయార్క్ అతన్ని పిలిచింది 1950లో, యాభై రెండేళ్ల వయసులో. ఆ నవంబరు 9న ఫ్రిట్జ్ రైనర్ నిర్వహణలో డచ్‌మన్ ఒపేరా. ఎరిక్ స్వాన్‌హోల్మ్, డాలండ్ నిల్సన్, సెంటా పాత్రలో స్టాక్‌హోమ్‌లో పుట్టి అమెరికాలో పెరిగిన ఆస్ట్రిడ్ వార్నై. డచ్‌మన్ మాత్రం స్వీడన్ వాడు కాదు. జర్మనీ నుంచి తొలిసారి వచ్చిన హాన్స్ హాటర్. ఆ రాత్రితో స్వీడన్ వాళ్లకు దొరికిన సందు మూసుకుపోవడం మొదలైందని చెప్పవచ్చు. ఆ తరువాతి కాలంలో వోటాన్ అంటే ప్రపంచమంతా హాటర్‌నే తలచుకుంది. అతని గొంతు పెద్దది, కొన్నిసార్లు ఊగేది, పదానికి ప్రాణం పోసేది. బెర్గ్‌లుండ్ నునుపుదనం ఆ గొంతు ముందు మరుగున పడింది. స్టూడియోలో వాగ్నర్ ఒపేరాలను సంపూర్ణంగా, మంచి ధ్వనితో రికార్డు చేసే యుగం వచ్చేసరికి బెర్గ్‌లుండ్ పాడటం కన్నా పాలించడం ఎక్కువైన స్థితిలో ఉన్నాడు. కీర్తికి ఇదొక్కటే పెద్ద దెబ్బ. పది పన్నెండేళ్లు ఆలస్యంగా పుట్టి ఉంటే కథ వేరుగా ఉండేది.

1949లో అతను రాయల్ ఒపేరా అధిపతి అయ్యాడు. 1956 దాకా ఆ పదవిలో ఉన్నాడు. అతని తర్వాత వచ్చింది స్వాన్‌హోల్మ్. అంటే గురువు ఫోర్సెల్ కూర్చున్న కుర్చీలో ఇద్దరు శిష్యులు ఒకరి తర్వాత ఒకరు కూర్చున్నారు. గాయకుణ్ణి సంస్థకు అధిపతిని చేయడం ప్రమాదకరమైన పని. గొంతులను గుర్తించగలడు, జమాఖర్చులు చూడగలడా అన్నది ఎప్పుడూ ఉండే అనుమానం. బెర్గ్‌లుండ్ హయాంలో గొంతుల లెక్క మాత్రం బాగుంది. 1952 ఏప్రిల్‌లో నికొలాయ్ గెడ్డా అనే కుర్ర టెనర్ తొలిసారి ఆ వేదిక మీద పాడి ఒక్క రాత్రిలో యూరప్ కళ్లలో పడ్డాడు. అదే ఏడాది మెట్జో (సొప్రానో కన్నా కాస్త కింది గొంతు) గాయని కెర్‌స్టిన్ మేయర్ అక్కడ మొదలుపెట్టింది. 1946లో అక్కడ లియో బ్లెక్ నిర్వహణలో తొలి పెద్ద పాత్ర చేసిన బిర్గిట్ నిల్సన్, వాగ్నర్ ఒపేరాల్లోని బ్రున్‌హిల్డ పాత్రలను నేర్చుకుని ప్రపంచం మీదికి వెళ్లింది ఈ ఏళ్లలోనే. 1954లో ఆమె బైరాయిత్‌లో ఒపేరా పాడింది. వీళ్లంతా ముందు స్వీడిష్‌లో పాత్ర నేర్చుకుని, చిన్న శాలలో తప్పులు దిద్దుకుని, తరువాత బయటికి వెళ్లినవాళ్లే. నెలజీతపు ఉద్యోగం కళాకారుణ్ణి మొద్దుబారుస్తుందనేవాళ్లు ఈ జాబితా చూడాలి.

స్వెన్ నిల్సన్ విషయంలో అలాంటి జాబితా లేదు. పదవి లేదు, శిష్యగణం గురించిన గొప్పలు లేవు. స్టాక్‌హోమ్‌లో ఇరవై నాలుగేళ్లు పాడాడు, అంతే. 1961లో ఫిన్లాండ్ నుంచి వచ్చిన మార్టి టాల్వెలా అనే కొండలాంటి మనిషి అదే స్టాక్‌హోమ్ వేదిక మీద మొదలుపెట్టినప్పుడు నిల్సన్ ఇంకా ఆ సంస్థలోనే ఉన్నాడు. టాల్వెలాకు స్టీరియో రికార్డులు, టెలివిజన్, జెట్ విమానాలు దొరికాయి. ఉత్తర దేశాల బేస్ అంటే ఈరోజు జనానికి గుర్తొచ్చేది అతనే.

వినాలనుకునేవాళ్లకు దారి సులువుగానే ఉంది. ‘డాఫ్నే’ బృందం 1938లో చేసిన ‘మైస్టర్‌జింగర్’ మూడో అంకం నిల్సన్‌ను మంచి వయసులో పట్టుకుంది. పోగ్నర్‌కు అందులో పెద్ద పాట లేకపోయినా ఐదుగురు కలిసి పాడే చోటు తర్వాత వచ్చే ఊరేగింపు దృశ్యంలో అతని గొంతు బరువు తెలుస్తుంది. 1950 డిసెంబరు 30న న్యూయార్క్ నుంచి రేడియోలో ప్రసారమైన డచ్‌మన్ కూడా మిగిలి ఉంది. దానిలో మొదటి అంకం చివరి భాగాన్ని, 1942 బైరాయిత్ రికార్డులోని అదే భాగాన్ని పక్కపక్కన పెట్టి వినడం మంచి పని. డచ్‌మన్ పెట్టె తెరిచి నగలు చూపిస్తాడు. మీకు కూతురుందా అని అడుగుతాడు. ఉంది, నమ్మకమైన పిల్ల అంటాడు డాలండ్. నా భార్యగా ఇవ్వండి అంటాడు డచ్‌మన్. డాలండ్ సంగీతం అక్కడ హుషారుగా, దాదాపు సంతలో బేరం కుదిరినవాడి సంబరంలా గెంతుతుంది. డచ్‌మన్ సంగీతం ఆ హుషారులో కలవదు, పొడవాటి స్వరాల మీద విడిగా తేలుతుంటుంది. ఒక రికార్డులో ఆ పొడవాటి స్వరాలు బెర్గ్‌లుండ్‌వి, రెండోదానిలో ఆ గంతులు నిల్సన్‌వి. నిల్సన్ ఆ తండ్రిని విదూషకుణ్ణి చేయడు. డబ్బుకు ఆశపడిన మామూలు మర్యాదస్తుడిలా పాడతాడు. ఆ పాత్ర అలా పాడితేనే కుట్టుతుంది.